మూడో సాలు

చెప్పులు గట్టు మీదే విడవమన్నాడు దస్తగిరి.
ఆకుతోటలోకి అంతే, ఎవరైనా.
చల్లటి బురద వేళ్ల సందుల్లోంచి పైకొచ్చింది.
కెమెరా మూడు కాళ్ల వైపు
అనుమానంగా చూశాడు.
వాటినీ కడిగి తెచ్చాను.

బయట చెన్నూరు కాలుతోంది.
పెన్నలో ఇసుక తప్ప ఏమీ పారడం లేదు.
లోపల మాత్రం
అవిసె ఆకులు జల్లెడ పట్టిన ఎండ
తమలపాకు మీద పడి, జారి,
కింది ఆకు మీద పచ్చగా,
దాని కింది ఆకు మీద ఇంకా పచ్చగా,
మట్టిని చేరేసరికి
వెలుగో తడో తెలియకుండా.

చావి తిప్పితే ఇరవై ఎనిమిది సెకన్లు తిరుగుతుంది నా కెమెరా.
పాతది. రీలు మొత్తం మూడు నిమిషాలకు తక్కువే.
అందుకని మూడు రోజులు తీయలేదు. కూచున్నాను.
"ఏం సామీ, బొమ్మ ఎప్పుడు మొదులు?"
"ఎండ కోసం చూస్తున్నా."
"కడపలో ఎండకేం కరువు!"
నవ్వి, కొడవలి కట్టిన వెదురు గడతో
పైన ఒక రెమ్మ తెంపాడు.
ఆకాశానికి కాసంత చిల్లు.
ఒక తీగ మొహం మారిపోయింది.
"ఎక్కువైతే ఆకు మాడతాది,
తక్కువైతే నోట్లో సప్పగుంటాది."
ముప్పై ఏండ్లుగా ఎండను
కూరలో కారంలా చిటికెలతో వేస్తున్న మనిషి.

నాలుగో రోజు, ఎనిమిదింబావుకు తీశాను.
కథ లేదు.
ఒక వెలుగు మచ్చ, రూపాయి బిళ్లంత,
ఆకు ఈనె మీదుగా నడిచి
అంచు దగ్గర ఆగి, ఆలోచించి,
గాలొస్తే దూకింది.
చివర్లో దస్తగిరి బొటనవేలు,
దానికున్న ఇనప గోరు తళుక్కుమని,
అంతలో స్ప్రింగు నిలిచిపోయింది.

రీలు ముంబై వెళ్లి కడిగించుకుని రావడానికి రెండు నెలలు.
ఆకు కట్టలు కట్టే కొట్టంలో,
తడి గోనెపట్టల వాసనలో,
సున్నం గోడ మీద వేశాను.
దస్తగిరి, తమ్ముడు ఖాదర్‌వల్లి, ఇద్దరు కూలీలు.
ఎవరూ మాట్లాడలేదు.
మళ్లీ వేయమన్నాడు.
మూడోసారి లేచి గోడ దగ్గరికి పోయి,
వీపంతా ఆకులు కదులుతుండగా,
ఒక మూల వేలు పెట్టాడు.
"మూడో సాలు. చూడు, ఈ తీగ నీడలో ఏడుస్తాంది.
ఇన్నాళ్లూ నాకెట్ల కనపడలేదో."

తెల్లారి నేను బస్సుకు బయల్దేరేసరికి
ఆ కొమ్మ గట్టు మీద పడుంది,
నా చెప్పుల పక్కనే.
నా సినిమాలోని నీడను
ఒక మేక
తీరిగ్గా నములుతోంది.