కోరం

హైకోర్టు వెనక ఘాన్సీబజార్ గల్లీలో
నా కంప్యూటర్ పక్కన స్టూలు మీద కూర్చుని
నీరుడి మణెమ్మ, పదిహేడో వార్డు కౌన్సిలర్,
మూడోసారి అదే చెప్పింది:
"నాలా సంగతి అడిగిన. మైకు గుంజుకున్నరు.
ఇంకోపారి నోరిప్పితే
కుర్చీ నెత్తిమీద పడ్తదన్నరు."

నేను ఇంగ్లీషులో కొట్టి తెలుగులో చదివాను:
పిటిషనరుకు ప్రాణభయం గలదు.

"భయమని రాయకు బిడ్డా.
భయమైతే ఇంట్లనే ఉందును గదా."
వకీలుసాబ్ నవ్వాడు. భయం లేకుంటే
పోలీసుల్ని ఏమని అడుగుతామమ్మా?
ఆ మాట ఎక్కడుందో చూపించమంది.
చూపించాను. బియ్యంలో రాయిని చూసినట్టు చూసి
సంతకం పెట్టింది.

ఇరవై రెండేళ్లుగా కొడుతున్నాను.
అవిశ్వాసానికి ముందు రాత్రి బస్సెక్కి మాయమైనవాళ్లకు,
వాళ్లను వెతికిపెట్టమన్నవాళ్లకు,
సంతకం నాదేనన్నవాళ్లకు, వారం తిరక్కుండా
నాది కాదన్నవాళ్లకు.
వార్డు మారుస్తాను, తేదీ మారుస్తాను.
చివరి పేరా ఎవరికైనా ఒకటే.

"నాలా ముచ్చట ఎక్కడ రాసినవ్?"
అది ఇందులో రాదమ్మా.
"మరి నేను దేనికి పోతున్ననో జడ్జిసాబుకెట్ల తెలుస్తది?"
నాలుగో పేరాలో ఒక ముక్క ఇరికించాను.
వకీలు కొట్టేశాడు.
మళ్లీ పెట్టాను. ఈసారి చూడలేదు.

గురువారం ఆర్డరు వచ్చింది.
సమావేశం ముగిసేదాకా ఇద్దరు కానిస్టేబుళ్లు,
ఖర్చు పిటిషనరుదే.
రెండు నెలలు ముందే చీటీ పాడుకుంది మణెమ్మ, నష్టానికి.

శనివారం మునిసిపల్ ఆఫీసు, మీటింగు హాలు.
నేను పోలేదు, ఫోన్లో చెప్పింది.
ఇరవైనాలుగు కుర్చీలు, మూత తీయని నీళ్ల సీసాలు.
వచ్చింది తనొక్కతే, వెనక రెండు ఖాకీలు.
కమిషనర్ అరగంట గడియారం చూసి
రిజిస్టరులో రాసుకున్నాడు:
కోరం లేదు. వాయిదా.

'కోరుచున్నాను' అని కొట్టీ కొట్టీ అరిగిన వేళ్లకు
ఆ మాట వేరేగా తగిలింది.
ఇరవైమూడు మంది ఇళ్లల్లో కూర్చుని అన్నట్టు:
మేం ఏమీ కోరం.

ఒక్క దెబ్బ పడలేదు. ఆర్డరు అక్షరాలా అమలైంది.

మరేం చేసినవమ్మా?
"ఏం చేస్త. మైకు ఖాళీగున్నది. లేచి అడిగిన."
ఎవర్ని?
"ఆ పిలగాడు లేడా, రూప్ల నాయక్, కానిస్టేబులు.
మా వార్డులనే కిరాయికుంటడంట, నాలా పక్కపొంటి.
మొన్న వానకు డ్యూటీ బూట్లు కొట్టుకపోయినయంట.
టోపీ తీసి మొత్తం విన్నడు."

పొద్దున్నే మళ్లీ వచ్చింది, కొత్త తేదీ కాగితంతో.
పాత ఫైలు తెరిచాను. తేదీ మార్చాను.
స్టూలు దగ్గరికి జరుపుకుంది.
"ఈసారి వాళ్లకు గూడ రాయి బిడ్డా,
ఆ ఇరవైమూడు మందికి.
పాపం, వచ్చేటందుకు భయపడ్తున్నరు."