పద్నాలుగు సెకన్ల పంటు

ఎనభై ఏడు, మే నెల, బోడసకుర్రు రేవు.
ఇంజను దగ్గి అందుకోవడం నుంచి
పంటు ఒడ్డు వదిలేదాకా
పద్నాలుగు సెకన్లు.
అరువు తెచ్చిన నాగ్రా.
వైనతేయ మీంచి కొట్టే గాలికి
నా వీపే మైకుకి తడిక.
చివర్లో సరంగు కొల్లాటి నూకరాజు కేక:
"తాడిప్పరా అప్పిగా!"
అటునుంచి పల్చటి గొంతు: "ఆయ్!"

అంతకు చాలా ముందు
రాజోలు టాకీసులో రీళ్లు వెనక్కి చుట్టే కుర్రాణ్ణి.
ఇమాం సాయిబు గారు తెగిన ఫిలింని
బ్లేడుతో గీకి, సిమెంటు రాసి
పాలు చల్లార్చినట్టు ఊదేవారు.
"అతికిన ప్రతిసారీ రెండు ఫ్రేములు పోతాయిరా.
హాల్లో ఎవడికీ తెలీదు.
నీకు తెలిస్తే చాలు."
నేను చదివిన చదువు అంతే.
మిగతాదంతా బీడీ వాసన.

మద్రాసులో ఆరేళ్లు
అసిస్టెంటుకి అసిస్టెంటుని.
మెళ్లో పలుపులా ఫిలిం ముక్కలు,
చెవి మీద మైనపు పెన్సిలు.
డబ్బింగులో ఎవరి నోటైనా "ఆయ్" అని జారితే
"గోదారి కారుతోంది, కొయ్" అనేవారు ఎడిటరు గారు.
ఆరు ఫ్రేములు. పావు సెకను.
కోసి బుట్టలో పడేసేవాణ్ణి.
రాత్రి బుట్ట దులుపుతుంటే అనిపించేది
అడుగున ఎంతమంది మావాళ్లు
ఇంకా ఔనంటూ ఉన్నారో అని.

పంటు మాత్రం అన్నిటికీ పనికొచ్చింది.
మొదట రైసుమిల్లు.
వేగం పెంచితే బోరు మోటారు,
సగానికి తగ్గిస్తే భూకంపం.
దొంగసరుకు లాంచీ, పెళ్లివారి జనరేటరు,
ఒకసారి, ఒట్టు,
ఆకలి మీదున్న పులి గుర్రు.
నలభై మూడు సినిమాలు.
ఒక్కదాంట్లోనూ అది పంటు కాదు.
ప్రతిసారీ పదకొండో సెకను దగ్గర కత్తెర,
నూకరాజు నోరు తెరిచేలోపు.

టేపులు పోయి కంప్యూటర్లొచ్చాయి.
గోళ్ల సందుల్లో సిమెంటు పోయింది.
పంటు ఇప్పుడు తెర మీద నీలం గీత.
గరికలా మొదలై
చివర్న రెండు ముళ్లు,
ఒకటి పొడుగు, ఒకటి పొట్టి.
ఆ ముళ్ల పేర్లు నాకొక్కడికే తెలుసు.

కుడిచెవి సన్నటి చప్పుళ్లు మానేసింది.
డాక్టరు గ్రాఫు గీసి
ఎలా చెప్పాలా అని నసుగుతుంటే
"చెప్పక్కర్లేదండీ, ఇవి చదవడమే నా ఉద్యోగం" అన్నాను.

కిందటి నెల ఒక కొత్త దర్శకుడు
"రేవు సీను సార్, నిజం రేవు కావాలి" అన్నాడు.
ముప్ఫై ఏళ్లలో అలా అడిగినవాడు వీడే.
బస్సెక్కి వెళ్లాను.
వంతెన.
లారీలు అతుకుల మీంచి పోతుంటే
టక్ టక్, టక్ టక్,
సాయిబు గారి అతుకు
ప్రొజెక్టరు గేటు దాటినట్టే.
కింద పంటు లేదు.
ఇనుముకి అమ్మేశారని ఒకరు,
లంక దగ్గర బురదలో ఉందని ఒకరు.
సరే, ఖాళీ రేవునే పడదామని
హెడ్‌ఫోన్లు పెట్టుకుని కదలకుండా కూర్చున్నాను.
వల బాగుచేసుకుంటున్నాయన అడిగాడు:
"ఏం పడుతున్నారండీ?"
"ఏమీ లేదండీ."
"ఆయ్, ఈమధ్య మాకూ అదే పడతందండీ."

టేకు పాడైంది. దాచుకున్నాను.

మిక్సింగులో పాత ముక్కే తెరిచాను.
పద్నాలుగు సెకన్లూ.
మొదటిసారి పంటు పంటులా కదిలింది.
నూకరాజు అరిచాడు.
తర్వాత నాకేమీ లేదు,
తెర మీద పొట్టి ముల్లు దాటిపోవడం చూశాను.
పక్క కుర్చీలో కుర్రాడు వేలు మీట మీద పెట్టి
"చివర్లో ఏదో ఉంది సార్, తీసెయ్యనా?"
"నీకు వినపడుతోందా?"
"ఆ. ఎవడో ఔనంటున్నాడు."
"అయితే ఉండనీ."