పద్నాలుగు చావుల లోకనాథం

తెరమీద పద్నాలుగు సార్లు చచ్చిపోయాడు బమ్మిడి లోకనాథం.
లెక్కపెట్టింది నేనే.
పర్లాకిమిడి టాకీసులో, కాబిన్ కంతలోంచి,
కార్బన్ కడ్డీ అరగకుండా ముందుకి జరుపుతూ
ఒక్కో చావూ ముప్ఫై ఆటలు చూసినవాణ్ణి.
కత్తికి ఆరు, విషానికి మూడు, ఉరికి రెండు,
ఏనుగు కాలికింద ఒకటి.
మిగతా రెండూ ఎందుకు చచ్చాడో కథలోనే లేదు.

వాళ్ళ నాన్న కొమ్ము దువ్వెనలు కోసేవాడు.
గేదెకొమ్ము సెగకి మెత్తబడి పలకలా సాగుతుంటే
వీధంతా కాలిన జుట్టు వాసన.
ఆ వాసనలోంచి లేచి
యుద్ధం ఆగిన మరుసటేడు
నౌపడా వెళ్ళే చిన్న బండి ఎక్కాడు.
మనసు మార్చుకోడానికి బోలెడంత వ్యవధి ఇచ్చే బండి అది.
వాళ్ళమ్మ గేటు దాకా దాని పక్కనే నడిచిందట
కిటికీలోంచి అటుకుల మూట అందిస్తూ,
"దిగీరా నాయినా, దిగీ" అంటూ.
మూట అందుకున్నాడు.

మద్రాసులో మొదటి ఏడాది గుంపులో ఈటె పట్టుకున్నాడు.
రెండో ఏడాది ఆ ఈటే గుచ్చుకుని పడ్డాడు.
అదే ఎదుగుదల.
"ఏటి పెభువా" అని నోరు జారినందుకు
ఒరియావాడన్నారు అక్కడ.
కటకం వెళితే తెలుగువాడన్నారు.
చచ్చేటప్పుడు మాత్రం
ఏ భాషలో చస్తున్నావని ఎవరూ అడగలేదు.

తరవాత సొంత సినిమా.
అమ్మ మెళ్ళోది, మామ పొలంలో సగం,
పలాస జీడిపప్పు షావుకారి దగ్గర నోటు.
మహేంద్రతనయ ఇసకలో ఇరవై రెండు రోజులు.
వెండికాయితం అంటించిన అట్ట ఎత్తి పట్టుకుని
ఆయన మొహం మీదికి ఎండ మళ్ళించింది నేను.
"కిందికి రా. ఇంకా కిందికి. కళ్ళల్లో కొట్టకు,
దువ్వెన మీద పడాల."
దువ్వెనలు కోసేవాడి కథ అది.
ఆఖరి రీల్లో వాడు ముసలి తల్లి జడ చిక్కు తీస్తాడు, అంతే.
మాట లేదు, పాట లేదు,
చావు లేదు.

మొదటి ఆటకి ఊరు ఊరంతా వచ్చింది.
"ఇప్పుడు చస్తాడు సూడు" అని నేల టికెట్టు వాళ్ళు
పిల్లల్ని నిద్ర లేపి కూర్చోబెట్టారు.
శుభం పడింది.
ఎవరూ లేవలేదు.
లైటేసినా లేవలేదు.
"లోకనాతం సావకుండా ఏటి సినీమా?" అన్నారు చివరికి
బీడీలు వెతుక్కుంటూ.
తొమ్మిది రోజులు.

పదకొండు రీళ్ళూ షావుకారు పట్టుకుపోయాడు.
తూకానికి అమ్మాడట.
వేడినీళ్ళలో మరిగిస్తే బొమ్మ కరిగిపోయి
వట్టి గాజుపలక లాంటి పట్టీ మిగులుతుంది.
దాన్ని కోసి గాజులు చేస్తారు.
"రంగులు కూడా ఏసుంటార్రా," అన్నాడు
తిరిగొచ్చి కాబిన్ మెట్లమీద కూర్చున్నాక, చాలా ఏళ్ళకి.
అప్పటికి బజార్లో ప్లాస్టిక్ దువ్వెనలు
అణాకి రెండు వస్తున్నాయి.
వాళ్ళ నాన్న రంపానికి తుప్పు.
సంతలో ఆయన ఆడవాళ్ళ చేతులకేసి చూస్తున్నాడని
ఒకసారి కొట్టబోయారు.
నేను అడ్డం పడ్డాను.
ఎందుకు చూస్తున్నాడో చెప్పినా నమ్మే మాట కాదు.

టాకీసు ఇప్పుడు సిమెంటు గొడౌను.
రీలు తెగినప్పుడు అతికించగా మిగిలిన ముక్క ఒకటి
నా కళ్ళజోడు పెట్టెలో ఉంది. ఏడు బొమ్మలు.
ఏడింటిలోనూ దువ్వెన ఎత్తే ఉంటుంది,
జుట్టుకి తగలదు.

పదిహేనోది గవర్నమెంటాసుపత్రిలో, తలుపు పక్క మంచం.
బాగా చెయ్యలేదు.
చెయ్యి గుండెమీదికి రాలేదు, మాట పూర్తి కాలేదు.
మొహం మాత్రం ఒకసారి కిటికీ వైపు తిప్పాడు,
ఎండ ఎటునుంచి పడుతోందో చూసుకుంటున్నట్టు.
నేను లేచి, అలవాటుకొద్దీ,
రేకుపళ్ళెం ఎత్తి పట్టుకున్నాను.

అది ఒక్క ఆటే ఆడింది.