మోడం

పదానికి పన్నెండు పైసలు.
నూటికి పదిహేను పదాలు పాతవే కనిపిస్తే
ఆ ముక్కకు దుడ్లు లేవు.

రాయదుర్గంలో, జీన్సు కుట్టే కొట్టం మిద్దెమీద
రాత్రి తొమ్మిదికి కూచుంటాను.
యుద్ధవిమానాల ఆట గురించి ఎవరో రాసింది
ఇంకెవరో రాసినట్టు మార్చాల.

శత్రు విమానాన్ని కూల్చండి, అని ఉంటుంది.
వైరి లోహవిహంగాన్ని నేలరాల్చండి, అంటాను.
క్షిపణులు అయిపోతే వెనుదిరగండి.
అస్త్రాలు నిండుకుంటే మళ్ళుకోండి.

నిండుకుంటే దగ్గర కొంచేపు ఆగినా.
బియ్యం డబ్బా మూత తీసి
మా అమ్మ అనే మాట అది,
లేవు అనకూడదని.

కింద ఇరవై మిషన్లు
తెరిపి లేకుండా కాలుస్తాంటాయి,
జేబుల మీద, జిప్పుల మీద, నడుంపట్టీల మీద.
మొన్న తిప్పక్క వేలిలో సూది దిగినప్పుడు
ఒక మిషను పావుగంట ఆగింది.
కాల్పుల విరమణ అని ఎవరూ అనలేదు.
పసుపద్దుకుని మళ్ళీ కూచుంది.

నిద్రపట్టక నాయన పైకొచ్చినాడు,
బీడీ గోడకు నలిపి నా పక్కన చతికిలబడి
బొమ్మ చూసినాడు.
"ఈ ఇమానం ఏం జేస్తాది మే?"
"ఇంకో ఇమానాన్ని కొడ్తాది."
"కొట్టి?"
"ఇంకోటొస్తాది."
"అదో, మబ్బులోకి దూరిందే!"
"దాక్కుంటాది నాయనా, కనపడకుండా."
"దాక్కునేదానికేనా?
మబ్బును ఏమీ జెయ్యదా?"

నేను బడికి పోని రోజుల్లో
మా చేని మీద ఒక విమానం తిరిగిందంట,
మబ్బులకు ఉప్పు చల్లేది.
మేఘమథనం అని పేపర్లో రాసినారు.
వాడిన శెనక్కాయ చెట్ల నడుమ
తలగుడ్డ తీసి చేతిలో పట్టుకుని
మెడ పట్టేసేదాకా చూసినాడు నాయన.
వాన బళ్ళారి పక్క పడింది.
గురి తప్పింది అనాల్నా, తప్పించుకుంది అనాల్నా,
ఈ పొద్దుటికీ ఆయనకు తేలలేదు.

ఆ పేజీలో మేఘం పదకొండు సార్లుంది.
మబ్బు రాసినా, మొయిలు రాసినా,
జలదం, అంబుదం, పయోధరం,
నీళ్ళు లేని ఊళ్ళో
నీళ్ళు మోసే పేర్లన్నీ అయిపోయినాయి.
"మోడం అని రాయి మే," అన్నాడు నాయన.
రాసినా:
దట్టమైన మోడంలోకి దూసుకుపోండి.

తెల్లారి అనంతపురం నుంచి హంపయ్య సార్ ఫోను.
"అంతా బాగుంది గానీ పాపా,
ఆకాశంలో మోడెం ఏంటికొచ్చింది?
ఇంటర్నెట్టు డబ్బానా?"

చెబుదామనుకున్నా.
ఆయనది పక్కనే కళ్యాణదుర్గం,
వాళ్ళమ్మ రోజూ అనే మాటే అయ్యుంటాది.
తీసేయండి సార్, అన్నా.
పన్నెండు పైసలు.

మిద్దె అంచున నాయన
పడమటి దిక్కు చూస్తా నిలబడినాడు.
"నీ ఇమానం బయటికొచ్చిందా మే,
మోడంలోంచి?"
"లేదు నాయనా."
"ఉండనీలే," అన్నాడు.
"లోపల ఏమన్నా జేస్తాంటాదేమో."