పంటు మీద సంతకం

సఖినేటిపల్లి రేవులో పంటు ఎక్కి
నరసాపురం గట్టు అందేలోగా
సంతకం పెట్టేసింది పెచ్చెట్టి మంగతాయారు.
అటు కోనసీమ, ఇటు పశ్చిమ, మధ్యన వశిష్ఠ.
కాగితాల కింద బల్ల కూడా లేదు,
ఎవరిదో మోటారు సైకిలు సీటు.
పదకొండో పేజీ ఆవిడ చదవలేదు.
రేవు గాలికి మొదటి పేజీయే ఆగనప్పుడు
పదకొండో పేజీ దాకా ఎవరెళతారు?

నేను వకీలు గారి గుమాస్తాని.
ఇరవై ఆరేళ్లుగా కట్టలు మోస్తున్నాను.
బెంచి గుమాస్తా మొహం చూసి
ఆ పూట కేసు పిలుస్తారో లేదో చెప్పగలను.
అయినా ఈ ముక్క నాకూ కొత్తే:
కూర్చున్న చోటు వేరు, పీఠం వేరు.

మధ్యవర్తి గారు కూర్చున్నది పాలకొల్లులో,
లాడ్జీ మేడ మీద హాల్లో.
కింద పెళ్లివారి గాడిపొయ్యి పొగ,
పైన మా దగ్గులు.
ఏడు వాయిదాలూ అక్కడే.
ఐసు ఫ్యాక్టరీ లెక్కల పుస్తకం తెచ్చింది ఆవిడ,
అట్టకి ఊక, తడికి ఉబ్బిన పేజీలు.
దిమ్మలు తూకం తగ్గాయి,
రొయ్య పాడైందన్నారు కంపెనీ వాళ్లు.
"నా గుమ్మం దాటేటప్పుడు నిండుగానే ఉందండీ.
మీ లారీ మూడు గంటలు ఎండలో ఆగితే
ఆ కరుగుడు నాదా?"
కరిగిన ఐసుకి సాక్షి ఎవరు?
ఉన్న ఒక్క రోడ్డూ తాగేసి ఊరుకుంది.
అవార్డు వచ్చింది:
ముప్పై ఒక్క లక్షలు ఆవిడే కట్టాలి,
వడ్డీ వేరే.

కాదనడానికి మూడు నెలలు.
బతిమాలుకుంటే ఇంకో ముప్పై రోజులు.
ఆపైన దేవుడు దిగొచ్చినా
ఒక్క పూట ఇవ్వరు.

ఏలూరు పట్టుకెళ్లాను.
తూకం మాట ఎవరూ ఎత్తలేదు.
ఇక్కడికెందుకొచ్చారన్నారు.
ఫ్యాక్టరీ గోదారికి అవతల కదా,
రాజమండ్రి చూసుకోమన్నారు.
రాజమండ్రిలో కంపెనీ వకీలు లేచి
తాపీగా పదకొండో పేజీ తిప్పి
నాలుగో వరుస కింద వేలు పెట్టాడు.
పీఠం: చెన్నై.
పాలకొల్లులో కలవడం ఉత్త సౌకర్యమట.
ఆ లాడ్జీ, ఆ పొగ, ఆ ఏడు వాయిదాలు,
చట్టం లెక్కలో అవన్నీ
చెన్నైలోనే జరిగాయట.

మంగతాయారు చెన్నై చూడలేదు.
జరిగిందంతా అక్కడే జరిగిందంటే
పమిట చెంగు వేలికి చుట్టుకుంటూ వింది.

అంతర్వేది దగ్గర పోటెక్కితే
ఉప్పునీళ్లు చించినాడ దాకా వస్తాయి.
పాటుకి మళ్లీ వెనక్కి పోతాయి.
నీ పరిధి ఇంతవరకేనని
వాటి మీద ఎర్రసిరాతో రాసినవాడు లేడు.
మా కట్ట మీద రాశారు:
"తగు న్యాయస్థానమున దాఖలు చేసుకొనుటకై
వాపసు చేయడమైనది."
గుండ్రటి ముద్ర, కింద తేదీ.
అవార్డు తప్పో ఒప్పో
ఇంతవరకు ఏ కోర్టూ చదవలేదు.

తిరుగు పంటులో, ఇంజను చప్పుడు మీద గొంతు పెంచి
వకీలు గారు చెప్పమన్నది చెప్పాను.
"భయపడకండి. తెలియక, మంచి మనసుతో
తప్పు గుమ్మం ముందు నిలబడ్డ రోజుల్ని
గడువులోంచి తీసేయమని అడగొచ్చట.
ఏలూరులో నలభై రెండు,
రాజమండ్రిలో అరవై ఏడు."

ఆవిడ వేళ్ల మీద కూడుకుంది.
నూట తొమ్మిది.
వేటాపిన రోజులు పోగా
ఐసు అమ్ముకునే సీజను దాదాపు అంతే.
"తీసేసి ఎక్కడ పెడతారండీ వాటిని?"
అనడిగింది.

నా దగ్గర నంబరు ఉంది, సెక్షను ఉంది,
నిడదవోలులో చెన్నై బండి ఎన్నింటికో ఉంది.
దానికి మాత్రం జవాబు లేదు.
అల ఒకటి పంటు అంచు ఎక్కి వచ్చింది.
కట్ట తడవకుండా
ఆవిడే ఒళ్లోకి లాక్కుంది.