పద్నాలుగు నెలల వాటా

ఆర్జిపల్లి ఇసుకలో వాటాలు వేసేది నేనే.
పడవకొకటి, వలకొకటి, ఇంజనుకొకటి,
ఎక్కినోడికొకటి.
జ్వరమొచ్చి పడవలోనే పడుకుండిపోయినోడికీ ఒకటి.
పొద్దు వాలేలోగా లెక్క తెగాల.
చేప కుళ్ళితే మాటా కుళ్ళిపోద్దని
మా పెదనాన్న తవిటయ్య అనేవాడు.

అందుకే కాబోలు
ఢిల్లేసు కాగితాలన్నీ తెచ్చి నా ముందు పరిచింది పోలమ్మ,
ఎండుచేపల గంప పక్కన పెట్టి,
చేతులు చీరకి తుడుచుకుని మరీ.

ఇంజను గదిలో ఆయిలరు.
నెలకి నాలుగొందల ఇరవై డాలర్లు.
పద్నాలుగు నెలలుగా ఒక్కటీ రాలేదు.
పారాదీప్ బయట లంగరేసుకుని నిలబడిపోయింది ఓడ.
జెండా ఒక దేశానిది,
యజమాని ఇంకో దేశంలో, ఏ దేశమో ఓడకీ తెలీదు.
తుప్పు మాత్రం మన నీళ్ళది.

హెచ్చవేశాను.
అయిదు వేల ఎనిమిదొందల ఎనభై.
ఓవర్‌టైము ఎన్ని గంటలు రాయమన్నావురా అని ఫోన్లో అడిగితే
చాలాసేపు ఏమీ అనలేదు.
"ఏసీలోంచి కారే నీళ్ళు డబ్బాకి పట్టి తాగుతున్నామన్నా,
అదే కాలమ్‌లో రాస్తావు?"

బరంపురం కోర్టు వెనకవీధిలో
పాణిగ్రాహి వకీలు తెలుగు మాటల్ని ఒడియా యాసలో
మెల్లగా, లెక్కపెట్టినట్టు చెప్పాడు.
నావికుడి జీతం ఒక్క యజమాని బాకీయే కాదు, ఓడ బాకీ కూడా.
ఓడని అమ్మేసినా, పేరు చెరిపి కొత్త రంగేసినా
దాన్ని పట్టుకునే పోతుంది ఆ బాకీ.
బ్యాంకు తాకట్టుకన్నా ముందు నిలబడుతుంది.
రెండేళ్ళు మాత్రం దాటనివ్వకండి.

రేవులో ఇదే చెప్పాను.
సీమాచలం ముసలోడు చుట్ట ఆర్పేసి,
"పడవ అడుగున గుల్లలు పట్టినట్టేటి?"
అవునన్నాను, సరిగ్గా అలాగే.
"మరైతే గీకితే పోతాయి కదా."
దానికి నా దగ్గర సమాధానం లేదు,
పాణిగ్రాహి దగ్గరా ఉండి ఉండదు.

కటకం హైకోర్టు ఓడని అరెస్టు చెయ్యమంది.
ఎవరో మోటారు బోటులో వెళ్ళి
ఓడ గదికి కాగితం అంటించి వచ్చారు.
ఆ రోజు పోలమ్మ అడిగింది:
"ఓడని పట్టుకున్నారు సరే,
నోపలున్న మనిషిని వొదిలేసినారా?"

వదల్లేదు.
ఓడ కదలకుండా, మునక్కుండా చూసేందుకు
కొందరు ఉండి తీరాలట.
ముద్దాయికి కాపలా ఫిర్యాదీ.
రాత్రుళ్ళు లాంతరు వెలిగించేదీ వాడే,
అడుగున ఊరిన నీళ్ళు తోడేదీ వాడే.

చివరికి తుక్కు కింద, టన్నుల లెక్కన అమ్మారు.
కోర్టు కూడా వాటాలే వేసింది.
అమ్మకం ఖర్చు ముందు, జీతాలు తర్వాత,
ఆ తర్వాత బ్యాంకు, అందరికన్నా వెనక తిండి సరుకులిచ్చిన కొట్టువాడు.
తప్పు పట్టను, వరస బాగానే ఉంది.
కానీ మా రేవులో
మనిషి వాటా కోసం పడవని ముక్కలు కొయ్యడం
నేనింతవరకు చూళ్ళేదు.

పదకొండు నెలలవే పడ్డాయి ఖాతాలో.
మిగతా మూడింటికి కెప్టెన్ సంతకం లేదట,
కెప్టెన్ ఎక్కడున్నాడో వెతుకుతున్నారట.

నిన్న సాయంత్రం నేను నెత్తళ్ళు పంచుతుంటే
ఢిల్లేసు వచ్చి దూరంగా కూర్చున్నాడు.
గోళ్ళ కింద ఆయిలు ఇంకా పోలేదు.
ఒక కుప్ప వాడి ముందుకు తోశాను.

"నానివాళ ఎక్కనేదు కదన్నా."

లెక్క తప్పిందేమోనని మళ్ళీ మొదట్నించీ చూశాను,
పడవకి, వలకి, ఇంజనుకి.
ఈలోగా కాకి ఒకటి వచ్చి
వాడి కుప్పలోంచే ఎత్తుకుపోయింది.
వాడు అదిలించలేదు.