నాలుకతో చూసిన ఏరు

నీళ్ళ మీటర్లు చదవడం నా ఉద్యోగం.
గోస్తని నాకు అంకెల్లోనే పరిచయం.
తాటిపూడి దగ్గర గొట్టంలో పడి,
కొండల కిందుగా, రోడ్ల కిందుగా వచ్చి,
అల్లిపురం మెట్ల చాటున, జ్ఞానాపురం సందుల్లో
గాజుబిళ్ళ వెనక
సన్నటి నల్ల ముల్లై తిరిగే గోస్తని.
ఇంట్లో ఎవరూ పలక్కపోతే
'తలుపు తాళం' అని రాసుకుని
పక్కింటికి పోతాను.

ఈ ఆదివారం భీమిలిలో, మొగ దగ్గర,
గరికిన ఎల్లాజీ దగ్గర కయాక్ అద్దెకు తీసుకున్నాను.
పసుపుపచ్చది. అడుగున రెండు అతుకులు.
ఈతొచ్చా అన్నాడు.
వచ్చు అన్నాను.
బావిలో నేర్చుకున్నానని చెప్పలేదు.

"పోటెక్కతంది, ఇప్పుడెల్తే ఏరే మోసుకుపోద్ది.
ఉప్పెక్కడ ఆగుద్దో కంటికి తెల్దు మీటరమ్మా,
నాలిక్కి తెలుస్తాది.
తెడ్డెత్తినప్పుడు ఓ సుక్క సూసుకో."

మొదటి చుక్క సముద్రం.
దాని గురించి విశాఖ మనిషికి
కొత్తగా చెప్పేదేముంది.

ఎడమ తెడ్డు వేస్తే ముక్కు కుడికి,
కుడి తెడ్డు వేస్తే ఎడమకి.
మా ఆఫీసు ఫైలు లాగే,
నేరుగా పోవడానికి ఎన్ని వంకర్లో!
వంతెన కిందికొచ్చేసరికి
బస్సంటే ఒక ఉరుము,
ఆ తర్వాత తలమీద రాలే కాస్త దుమ్ము.

హేచరీ గొట్టం దాటాక రెండో చుక్క.
ఉప్పు, ఉప్పులో మందుల షాపు.
ఉమ్మేశాను.

మడచెట్ల వేళ్ళ దగ్గర
ఎండ కాచుకుంటున్న పీతలు
నన్ను చూసి ఒక్కసారే బొరియల్లో దూరాయి,
బకాయిలున్న వీధి మొత్తం
నా సంచీని చూసినట్టు.

అక్కడ తెడ్డు ఒళ్ళో పెట్టుకున్నాను.
పడవ ఆగలేదు.
ఏరు వెనక్కి నడుస్తోంది.
ఇంత దూరం నడిచొచ్చిన దాన్ని
సముద్రం గుమ్మంలోనే ఆపి,
వీపు మీద చెయ్యేసి,
పద, కొంత దూరం దిగబెట్టొస్తానన్నట్టు.
లకుముకి ఒకటి నీళ్ళను కుట్టి
దారం తెంపుకుని పోయింది.

మూడో చుక్క ఉప్పే,
కానీ అలిసిపోయిన ఉప్పు.
పైపెదవి మీదిది
నా చెమటో ఏటిదో తేల్చుకోలేకపోయాను.

చిట్టివలస పాత వంతెన కనబడగానే
ఇసుక మేట పడవ పొట్ట పట్టుకుంది.
దిగాను. చీలమండల లోతు.
తాడు భుజానేసుకుని లాగాను.
ఇందాకటి నుంచీ నన్ను మోసినదాన్ని
నేను మోస్తుంటే
అది నాకన్నా ఎక్కువ గొణిగింది.

గోనెసంచులు ఉతుకుతున్న ఒకావిడ
నడుం మీద చెయ్యి పెట్టుకుని చూసింది.
"ఎవుల కోసమమ్మా?"
ఎవరి కోసమూ కాదు, నీళ్ళు చూద్దామని.
"నీళ్ళు సూడ్డానికేటుంది?
తాగు."

మరిగించనిదే తాగరాదని
గోడల మీద కాగితాలు అంటించేది నేనే.
దోసిలి పట్టాను.
మట్టి. నానిన ఆకు.
కాస్త ఇనుము.
ఉప్పు లేదు.
లేదో,
పొద్దుట్నుంచీ చుక్కచుక్కా తిన్న నాలుక
తనే ఉప్పయిపోయి
లెక్క తప్పిందో.

పాటు మొదలైంది.
దిగుతుంటే తెడ్డుతో పని పడలేదు.
మొగ దగ్గర ఎల్లాజీ తాడందుకుని
"ఎక్కడాగింది?" అన్నాడు.
వేలెత్తి వెనక్కి చూపించాను.
నేను చూపించిన చోటు
అప్పటికే కదిలిపోయి ఉంటుంది.
అతనికది తెలుసు. నవ్వలేదు.
గంటన్నరకి డబ్బులు తీసుకున్నాడు.

సోమవారం జ్ఞానాపురం.
నాలుగుసార్లు గేటు కొట్టాను.
చెప్పులు లేవు, తీగ మీద బట్టలు లేవు.
కటకటాల్లోంచి వంగి చూస్తే
మెట్ల కింద, గాజుబిళ్ళ వెనక,
ముల్లు మెల్లగా తిరుగుతోంది.

అరచేతుల్లో తెడ్డు బొబ్బలు.
పెన్ను సరిగా పట్టలేక
వంకరగా రాశాను:
తలుపు తాళం.
నీళ్ళు ఇంట్లోనే ఉన్నాయి.